కుడిపక్క సీటు

దయ్యాల కబుర్లు మొదలైతే నేను లేచి బయటికి వచ్చేసేవాణ్ణి. భయపడి కాదు, విసుగుతో. చెప్పేవాడు తను చూసింది ఎప్పుడూ చెప్పడు. వాళ్ళ పిన్ని ఆడపడుచు చూసి ఉంటుంది, ఆవిడ ఇప్పుడు ఉండదు. కొలవడానికి వీల్లేని సంగతులతో నాకు పని లేదనుకునేవాణ్ణి. ఇప్పుడు రాస్తున్నదాంట్లో సగం నేను స్వయంగా చూసింది, సగం మా అక్క స్వయంగా విన్నది. ఆ రెండు సగాలూ ఒకదానికొకటి ఎట్లా అతికాయో నాకు అంతుపట్టలేదు.

మాది మాచర్ల. నాపరాళ్ళు పాలిష్ పట్టే ఫ్యాక్టరీలో కొలతలు వేస్తాను. బండల పొడవు, వెడల్పు చూసి చదరపు అడుగులు తేల్చడం, లారీకి ఎంత బరువు ఎక్కిందో చెప్పడం నా పని. చదువు పదో తరగతితో ఆగిపోయింది. మిగతా లెక్కలన్నీ పాత పుస్తకాలు తెచ్చుకుని, ఫోన్లో వీడియోలు చూసి నేర్చుకున్నవే.

అట్లా నేర్చుకుంటూ పోయి ఫ్లైట్ సిమ్యులేటర్ దగ్గర చిక్కుకున్నాను. ఇంట్లో కంప్యూటర్ ముందు కూర్చుని విమానం నడపడం అన్నమాట. చూసేవాళ్ళకు వీడియో గేమ్ లాగా ఉంటుంది గానీ ఇందులో గెలవడం, ఓడడం ఉండవు. ఎంత బరువుతో లేస్తున్నాం, గాలి ఎటు వీస్తోంది, ఇంధనం ఎంత పడుతుంది, ఇవన్నీ ముందే లెక్క వేసుకోవాలి. వేసిన లెక్క ప్రకారం దిగితే ఒక తృప్తి. నిజం విమానం నేను ఇప్పటికీ ఎక్కలేదు.

సిమ్యులేటర్‌తో పాటు కొన్ని విమానాలు వస్తాయి. అవి చాలనివాళ్ళకోసం బయటివాళ్ళు తయారుచేసి విడిగా అమ్మే విమానాలు ఉంటాయి. వాటిని యాడ్ఆన్‌లు అంటారు. నాకు పెద్ద జెట్లు అక్కర్లేదు. ఇద్దరో నలుగురో కూర్చునే చిన్న విమానాలే ఇష్టం. ఒకదాన్ని ఎంచుకోవాలంటే వారాల తరబడి చూసేవాణ్ణి. రంగులు, మెరుపులు నాకు పట్టవు. అసలు విమానానికి కంపెనీవాళ్ళు ఇచ్చే పుస్తకంలోని అంకెలకు ఇది ఎంత దగ్గరగా ఎగురుతుందన్నదే చూస్తాను. శ్రద్ధగా చేసినదైతే ఒక్క మనిషి బరువు తగ్గించినా నేల విడిచే చోటు మారుతుంది. అశ్రద్ధగా చేసినదైతే ఏనుగును ఎక్కించినా అక్కడే లేస్తుంది.

మా అక్క భర్త కోటయ్య బావ లారీ డ్రైవరు. మా ఫ్యాక్టరీ బండలే చాలా ఏళ్ళు తోలాడు. పక్షవాతం వచ్చి ఎడమ చెయ్యి పట్టు తప్పాక స్టీరింగు వదిలేయాల్సి వచ్చింది. కాలు మెల్లగా స్వాధీనంలోకి వచ్చింది గానీ చెయ్యి రాలేదు. రెండు వీధుల అవతలే వాళ్ళ ఇల్లు. మధ్యాహ్నం భోజనం కాగానే కర్ర పట్టుకుని మా మేడగదికి వచ్చి నా పక్కన కూర్చునేవాడు. మొదట్లో నన్ను ఏడిపించడానికే వచ్చేవాడు.

"ఏందిరా శీనా, కుర్చీలో కూసోని యాడికి పోతన్నావు?"

"గన్నవరం నుంచి హైదరాబాదు బావా."

"డీజిల్ ఖర్చు లేదు, టోలు లేదు. మంచి బేరమే పట్టావు."

కొన్నాళ్ళకు ఎగతాళి తగ్గింది. విమానాన్ని తిప్పే జాయ్‌స్టిక్ కుడి చేత్తో పట్టుకోవచ్చని, ఇంజన్ పవర్ పెంచే లివరు నేను చూసుకుంటానని చెప్పాను. ఒప్పుకున్నాడు. తెర మీద చిన్న విమానం లోపలి భాగం కనపడగానే వెనక్కి జరిగాడు.

"ఇదేంది, ఎడంపక్క కూసోబెట్టావు?"

విమానం నడిపేవాడు ఎడమ సీట్లోనే కూర్చుంటాడని చెప్పాను.

"ఎడంపక్క కిలీనర్ సైడురా. ఇన్నేళ్ళు బండి తోలి ఇప్పుడు కిలీనర్ సైడు కూసోమంటావా? నే కూసోను ఫో."

నవ్వులాటకు అన్నాడనుకున్నాను. కాదు. ఎంత చెప్పినా వినలేదు. మన లారీకి స్టీరింగు కుడిపక్కే. రోడ్డు అంచు, ఎదురొచ్చే బండి, గోతులు, అన్నీ ఆ మనిషి కంటికి కుడి సీట్లోంచి కొలతకు వచ్చినవే. ఎడమ సీట్లో కూర్చోబెడితే రన్‌వే మధ్యగీత ఎక్కడుందో కూడా ఆయనకు తెలియలేదు. చూపును కుడి సీటుకు జరిపితే రెండు ప్రయత్నాల్లోనే సూటిగా లేపాడు. అది చూశాక నేను వాదించలేదు.

చిక్కు ఎక్కడ వచ్చిందంటే, చాలా యాడ్ఆన్‌లలో కుడిపక్క మీటర్లు ఉండవు. వేగం, ఎత్తు చూపించేవన్నీ ఎడమవైపే ఉంటాయి. కుడి సీట్లోంచి వాటిని మెడ తిప్పి ఏటవాలుగా చూడాలి. కొన్నిటిలో కుడివైపు స్టీరింగే పెట్టరు, ఇంకొన్నిటిలో ఆ పక్క తలుపు అట్టముక్కలా ఉంటుంది. అంతవరకు ఎన్నో విమానాలను ఎన్నో విధాల తూచిన నేను కుడివైపు ఏముందో చూడాలని ఒక్కసారి కూడా అనుకోలేదు.

ఇద్దరం కలిసి వెతకడం మొదలుపెట్టాం. నేను వేగాలు, ఇంధనం, రెక్క పైన ఉందా కింద ఉందా అని చూసేవాణ్ణి. రెక్క పైన ఉంటే నేల బాగా కనపడుతుంది. బావ మాత్రం ఫోటో చూడగానే "మీటర్లు యాడున్నయ్?" అని అడిగేవాడు. విమానం నేర్పే గురువులు కుడి సీట్లోనే కూర్చుంటారని ఒకచోట చదివి చెప్పాను.

"చూశావా! గురువెప్పుడూ డ్రైవర్ సైడే. ఎడంపక్క కూసునేవాడు నేర్చుకునేటోడు, నీ మాదిరి."

ఆ రోజంతా నన్ను కిలీనరు అనే పిలిచాడు.

చివరికి ఒకటి దొరికింది. శిక్షణకు వాడే విమానం, రెక్కలు పైన, రెండు వైపులా మీటర్లు. కానీ అది అప్పటికింకా తయారీలో ఉంది. ముప్పాతిక వంతు సరిపోయేది మరొకటి సిద్ధంగానే ఉంది. దాంట్లో కుడిపక్క ఎత్తు చూపే మీటరు ఒక్కటే లేదు. దాంతో సరిపెట్టుకుందామా అని అడిగాను.

"మీటర్ లేని బండి నేను తోలనురా. రానియ్. లారీకి బాడీ కట్టించేటప్పుడు తొందరపడితే అయిద్దా?"

ఆగుదామనుకున్నాం. నాకూ అదే సబబనిపించింది. తక్కువ రకాన్ని తెచ్చుకుని అలవాటు పడటం నా పద్ధతి కాదు. ఇప్పుడు ఆ మాట తలచుకుంటే నోరు చేదవుతుంది.

ఆ విమానంలో వెళ్ళాల్సిన మొదటి చోటు కూడా బావే చెప్పాడు. నాగార్జునసాగర్. ఎన్నో ఏళ్ళు ఆ దారిన లోడుతో తిరిగాడు గానీ డ్యామ్‌ను ఎప్పుడూ కిందనుంచే చూశాడు. లారీని పైకి పోనివ్వరు. విజయపురి సౌత్ దగ్గర పాత ఎయిర్‌స్ట్రిప్ ఉంది, డ్యామ్ మీదుగా ఒక చుట్టు తిరిగి అక్కడ దిగవచ్చని మ్యాపులో చూపించాను. ఆయన ముఖం అప్పుడు ఎట్లా ఉందో రాయలేను.

"సాగర్‌కి ఇప్పుడే పోబాక. సొంత సీట్లో కూసోని నేనే దింపుతా. అందాకా నువ్వూ పోగూడదు."

వెళ్ళలేదు. పాత విమానాలతో గుంటూరు మీద తిరిగాం, కోటప్పకొండ చుట్టూ తిరిగాం. సాగర్ వైపు ఇద్దరిలో ఎవరమూ వెళ్ళలేదు. ఇది గుర్తుపెట్టుకోమని మనవి. ఆ సిమ్యులేటర్‌లో సాగర్ ఎట్లా ఉంటుందో అప్పటికి నాకూ తెలియదు, ఆయనకూ తెలియదు.

బావ ఆ రోజుల్లో ఒక సందేహం అడిగాడు. ఎదురుగా ఇంకో విమానం వస్తే డిప్పర్ ఎట్లా కొట్టాలి అని. లారీవాళ్ళు ఎదురు బండికి హెడ్‌లైటు ఆర్పి వెలిగించి నేనున్నానని చెబుతారు. పైన అట్లాంటి ఆచారం లేదు, రేడియోలో చెప్పుకుంటారని చెప్పాను. "లైటు ఉండి కొట్టకపోవటమేందిరా, మర్యాద తెలవని జనం" అని ల్యాండింగ్ లైటు స్విచ్ ఎక్కడుందో చూపించమన్నాడు. ఎడమవైపు కింద ఉంటుంది. నేను మౌసుతో నొక్కి చూపించాను.

ఎండలు ముదిరిన రోజుల్లో ఆయనకు రెండోసారి పక్షవాతం వచ్చింది. నరసరావుపేటలో ఆసుపత్రిలో చేర్చాం. మొదట భయపెట్టినా తేరుకున్నాడు. మాట తడబడుతోంది గానీ మాట్లాడుతున్నాడు, నాలుగైదు రోజుల్లో ఇంటికి పంపిస్తామన్నారని అక్క ఫోన్ చేసింది. అదే రోజు, మేం ఎదురుచూస్తున్న ఆ విమానం విడుదలైందన్న కబురు చూశాను. వెంటనే తెచ్చుకున్నాను.

ఆయన వచ్చేసరికి అన్నీ సిద్ధంగా ఉండాలని నా ఆలోచన. కుడి సీటు చూపును ఆయన ఎత్తుకు సరిపెట్టాను. మీటర్లు ఆ పక్కనుంచి చదివేందుకు వీలుగా ఉన్నాయా అని ఒకసారి ఎగిరి చూద్దామనుకున్నాను. సాగర్ వెళ్ళకూడదన్న మాట గుర్తుంది. కానీ ఆ ఎయిర్‌స్ట్రిప్ సిమ్యులేటర్‌లో సరిగా ఉందో లేదో తెలియకుండా ఆయన్ను తీసుకెళ్ళాక, అక్కడ రాళ్ళూ రప్పలూ ఉంటే చిన్నబుచ్చుకుంటాడు. పరీక్షే గదా అనుకున్నాను.

మధ్యాహ్నం. కూలర్ తిరుగుతోంది. గన్నవరంలో లేచాను. బరువు లెక్కలో ఎడమ సీట్లో నా బరువు వేసి, కుడి సీటుకు సున్నా పెట్టాను. లేని మనిషి బరువు వేయడం నాకు నచ్చదు. చూపు మాత్రం కుడి సీట్లోంచే. విమానం చక్కగా ఉంది. పుస్తకంలోని అంకెలకు అంగుళం తేడా లేకుండా ఎగిరింది.

పెదకూరపాడు దాటి నరసరావుపేట మీదుగా వెళ్ళాను. బావ తిరిగిన రోడ్డునే పట్టుకుని పోదామని అటు తిప్పాను. ఆసుపత్రి ఉన్న వీధి ఏదై ఉంటుందా అని కిందికి చూశాను కూడా.

ఊరు దాటాక వేగం కొంచెం పడిపోయింది. పవర్ నేను మార్చలేదు. ఎత్తు మార్చలేదు. విమానం కుడిపక్కకు సన్నగా ఒరగడం మొదలుపెట్టింది. ఎదురుగాలి అనుకున్నాను. నిజానికి ఎదురుగాలికి నేల మీద సాగే వేగం తగ్గుతుంది గానీ మీటరులో కనపడే వేగం తగ్గదు. ఆ సంగతి నాకు బాగా తెలుసు. తెలిసీ ఎదురుగాలి అని సరిపెట్టుకున్నాను. ఇంధనం చూశాను, రెండు రెక్కల్లోనూ సమానంగా ఉంది. బరువుల పట్టీ తెరిచి చూస్తే కుడి సీటుకు సున్నానే ఉంది. జాయ్‌స్టిక్ కొద్దిగా ఎడమకు పట్టి ఉంచి ముందుకు పోయాను.

సాగర్ వచ్చింది. చూసి ఉసూరుమన్నాను. డ్యామ్ లేదు. ఉపగ్రహం నుంచి తీసిన ఫోటోను నేల మీద పరిచారంతే. అంత ఎత్తు గోడా, గేట్లూ చదునుగా, బండ మీద గీసిన బొమ్మలా ఉన్నాయి. నీళ్ళు ఇటుపక్కా అటుపక్కా ఒకే మట్టంగా ఉన్నాయి. దీన్ని బావకు చూపించకూడదు, ఎవరైనా డ్యామ్‌ను నిలబెట్టి చేసిన సీనరీ ఉందేమో వెతకాలి అనుకుంటూ ఎయిర్‌స్ట్రిప్ వైపు తిప్పాను. అది మాత్రం ఉంది. దూరంగా గీతలాగా కనపడింది.

అప్పుడు హైదరాబాదు వైపు నుంచి ఒక విమానం ఎదురొచ్చింది. సిమ్యులేటర్ తనంతట తను తిప్పే విమానాలు కొన్ని ఉంటాయి, అందులో ఒకటి. నా కంటే బాగా పైనుంది, ప్రమాదం ఏమీ లేదు.

టక్ మని వినపడింది. మళ్ళీ టక్. ఈ విమానంలో ప్రతి స్విచ్చుకూ దాని శబ్దం పెట్టారు. ఎడమవైపు కిందికి చూశాను. ల్యాండింగ్ లైటు స్విచ్ కిందికి పడి పైకి లేచింది. నేను చూస్తుండగా ఇంకోసారి పడి లేచింది. కరెంటు వాడకం చూపే మీటరు ముల్లు కూడా దాంతోపాటే తగ్గి పెరిగింది.

నా కుడి చెయ్యి జాయ్‌స్టిక్ మీద ఉంది. ఎడమ చెయ్యి పవర్ లివరు మీద ఉంది. కీబోర్డు బల్ల చివర ఉంది. మౌసు దాని పక్కన ఉంది.

నేను చేసింది ఒక్కటే. వంగి కంప్యూటర్ ప్లగ్గు గోడలోంచి పీకేశాను. మామూలుగా అట్లా ఆపకూడదని ఇంట్లో అందరికీ చెప్పేవాణ్ణి నేనే. కిందికి దిగి వచ్చి మంచినీళ్ళు తాగి వాకిట్లో కూర్చున్నాను. మా ఆవిడ ఏమైందని అడిగితే ఉక్కగా ఉందన్నాను.

కాస్త కుదుటపడ్డాక తిరిగి పైకి వెళ్ళి ఒక్కొక్కటే చూశాను. జాయ్‌స్టిక్‌లో ఏ బటనూ ఆ లైటుకు కలిపి లేదు. సహాయం చేసే ఆటోమేటిక్ ఏర్పాట్లన్నీ ఎప్పటినుంచో ఆపేసి ఉన్నాయి. ప్రోగ్రాములో తప్పు ఉండి ఉంటుందని, తయారుచేసినవాళ్ళ ఫోరంలో వెతికాను. ఇట్లాంటి ఫిర్యాదు ఎవరూ చేయలేదు. బావ రాగానే చెప్పి నవ్వించవచ్చు అనుకున్నాను.

మర్నాడు పొద్దున్నే అక్క ఫోన్. మాట పడిపోయిందని. నేను వెళ్ళేసరికి కళ్ళు తెరిచే ఉన్నాడు గానీ ఎవరినీ గుర్తుపట్టడం లేదు. మంచం పక్కన కూర్చున్నాను. విమానం వచ్చింది బావా, రెండు పక్కలా మీటర్లున్నాయి అని చెప్పాను. విన్నాడో లేదో. ఆ వారంలోనే పోయాడు.

పెద్దకర్మ అయిపోయి చుట్టాలంతా వెళ్ళాక అక్క ఇంట్లో కూర్చుని ఉన్నాం. అక్క బియ్యంలో రాళ్ళు ఏరుతోంది. ఉన్నట్టుండి అడిగింది.

"శీనా, సాగర్ కట్టకేమన్నా అయిందంట్రా?"

ఏమీ కాలేదన్నాను. ఎందుకట్లా అడిగావన్నాను.

"మీ బావ ఆఖరుగా మాట్లాడిన మజ్జానం ఏందో ఏందో చెప్పాడు. సాగర్ కట్ట పడిపోయిందే, గోడ లేదు ఏం లేదు, నేల మీద బొమ్మేసినట్టుంది, నీళ్ళు అటూ ఇటూ ఒకటే మట్టం అన్నాడు. నేను నిజమేననుకోని నర్సమ్మని టీవీ పెట్టమన్నా. ఆ పిల్ల నవ్వింది."

అక్క చాటలోంచి ఒక రాయి తీసి పక్కన వేసింది.

"ఇంకా ఏమన్నాడు?"

"నీ మీద చెప్పాడులే. దిగుదామనుకుంటంటే శీనుగాడు బండి ఆపేశాడే, రోడ్డు కనపడతానే ఉంది, దిగనియ్యలా అన్నాడు."

"ఇన్నాళ్ళూ చెప్పలేదేంది అక్కా?"

"ఏం చెప్పను? జొరంలో మాటలనుకున్నా. పైగా ఆయనే వొద్దన్నాడు. జడుసుకున్నాడే పాపం, వాణ్ణేమీ అనబాక అన్నాడు."

నేను లెక్కలు వేసే మనిషిని గనుక అవతలిపక్క నుంచి కూడా చూశాను. ఆయన ఆ మాటలన్నదీ నేను ఎగిరిందీ ఒకే మధ్యాహ్నం. గంటా నిమిషం సరిపోయాయని మాత్రం చెప్పను. అక్క గడియారం చూసుకోలేదు, నేనూ చూసుకోలేదు. ఇంతకుముందు తిరిగిన చోట్ల వంతెనలు చదునుగా ఉండటం బావ చూశాడు. ఆ జ్ఞాపకమే కలలో సాగర్‌కు అతుక్కుని ఉండవచ్చు. అంతవరకు నేను ఒప్పుకుంటాను. రోడ్డు కనపడ్డాక బండి ఆపేశాను అన్నది ఎక్కడి నుంచి వచ్చింది? నేను ఆ ప్లగ్గు పీకిన సంగతి అప్పటికి ఎవరికీ చెప్పలేదు. జడుసుకున్నానన్న సంగతి మా ఆవిడకు కూడా తెలియదు.

అప్పుడు జరిగిందంతా అక్కకు చెప్పాను. ఏడుస్తుందనుకున్నాను. బియ్యం చాట కింద పెట్టి లేచింది.

"ఏదీ, ఆయన చూసిందేందో నాకు చూపియ్."

మా మేడ మెట్లు అక్క ఎక్కడం అదే మొదలు. బావ కూర్చునే కుర్చీలోనే కూర్చుంది. ఆ విమానాన్నే తీశాను. దారి అంతా తిరగకుండా సాగర్ దగ్గరే గాల్లో మొదలుపెట్టాను. చదునుగా పడి ఉన్న డ్యామ్‌ను అక్క చాలాసేపు చూసింది.

"ఇదే. ఇట్టాగే చెప్పాడు."

ఎయిర్‌స్ట్రిప్ వైపు తిప్పాను. వేగం తగ్గించాను. ఆ రోజు విమానం ఎటూ ఒరగలేదు. ఏ స్విచ్చూ కదలలేదు. అంకెలన్నీ సరిగ్గా ఉండాల్సిన చోటే ఉన్నాయి. మెత్తగా దిగి, ఆ చివరిదాకా వెళ్ళి ఇంజన్ ఆపాను. గదిలో కూలర్ చప్పుడు ఒక్కటే మిగిలింది.

అక్క తెర వంక చూస్తూ ఉంది.

"అయిపోయిందా? దిగినట్టేనా?"

"దిగినట్టే."

"ఇంతేనా! ఎంతసేపట్రా ఇది?" అని నావైపు తిరిగింది. "ఆ రోజే దింపితే పొయ్యేది గదరా."

కోపంగా అనలేదు. పొయ్యి మీద పాలు చూసుకోక పొంగనిస్తే అన్నట్టు అంది.

స్విచ్ ఎవరు కదిపారో నాకు తెలియదు. నరసరావుపేట దాటాక ఆ బరువు ఎక్కడిదో తెలియదు. ఇన్నాళ్ళుగా అవి రెండూ అటూ ఇటూ తిప్పి చూస్తున్నాను, తేలలేదు. కానీ నిద్ర పట్టనివ్వనిది అవి కాదు. ఆయన నాలుగు రోజులు ఊపిరితో ఉండగానే అక్క ఆ మాట నా చెవిన వేసి ఉంటే, నేను మంచం పక్కన ఉత్త చేతులతో కూర్చునేవాణ్ణి కాదు. పరుగెత్తుకుని ఇంటికొచ్చి ఆ విమానాన్ని దించి ఉండేవాణ్ణి. దించితే ఏం జరిగేదో చెప్పలేను. ఏమీ జరక్కపోయినా, దిగాం బావా అని ఆయన చెవిలో చెప్పడానికి ఒక మాట ఉండేది.